చెలమకు ఎగువన

ఆళ్లగడ్డలో శిల్పుల వీధి విల్లులా వంగి ఉంటుంది. రెండు కొసలూ వాగును తాకుతాయి. ఉత్తరపు కొస వాగుకు ఎగువన, దక్షిణపు కొస దిగువన. మధ్యలో, వీధికి ఎదురుగా వాగు ఇసుకలో ఆడవాళ్లు చెలమలు తీస్తారు. మోకాలి లోతు గుంట తవ్వి, మొదట ఊరిన నీళ్లు ముంతతో తోడి పారబోసి, తేరుకున్నాక కడవ నింపుకుంటారు. వీధిలో నలభై ఒక్క ఇళ్లు, రెండు బావులు. రెండు బావుల్లోనూ ఉప్పునీళ్లే. తాగడానికి, వండడానికి చెలమ నీళ్లు తప్ప వేరే దారి లేదు.

1958 జనవరి దాకా ఆ వీధిలో మురుగు కాలువ లేదు. స్నానాల నీళ్లు, అంట్లు తోమిన నీళ్లు, గొడ్ల చావిళ్లు కడిగిన నీళ్లు ఏ ఇంటి ముందువి ఆ ఇంటి ముందే నిలిచేవి. ఆ ఏడు సంక్రాంతి దాటాక వీధి జనం శ్రమదానం చేసి కాలువ తవ్వుకున్నారు. పొడవు ఆరు వందల ఇరవై అడుగులు. అడుగున పరిచిన నాపరాళ్లు రెండు వందల ఏడు. పనికి పెద్ద ఓబులాచారి.

ఓబులాచారికి యాభై రెండేళ్లు. ముప్పై అయిదేళ్లుగా విగ్రహాలు చెక్కుతున్నాడు. కాలువ పని ఆయనకు అప్పజెప్పడానికి కారణం ఉంది. లింగం మీద పోసిన నీళ్లు పానవట్టంలో చుక్క నిలవకుండా బయటికి దిగాలి. రాతికి అంత వాలు, వాటం ఇవ్వగల మనిషి వీధి కాలువకు ఇవ్వలేడా అన్నారు. ఇచ్చాడు. ఈ కొసన చెంబు నీళ్లు పోస్తే ఆ కొస దాకా ఆగకుండా పోయాయి.

కాలువ కాగితం గీసిచ్చిన ఓవర్సీరు నంద్యాలలో ఉంటాడు. ఒకసారి వచ్చి టేపుతో కొలుచుకుని పోయాడు. కాగితం మనిషి చేత పంపించాడు. తర్వాత సైకిలు మీద నుంచి పడి కాలు విరిగి మంచం పట్టాడు. కాగితంలో రాత ఇంగ్లీషు. ఓబులాచారికి అంకెలు తెలుసు కాబట్టి కొలతలు అర్థమయ్యాయి. కాగితం మూలన ఒక బాణం గుర్తు ఉంది. దాని కొస మీద ఒక ఇంగ్లీషు అక్షరం. వీధి వంపును బట్టి కాగితం తిప్పి చూస్తే బాణం ఉత్తరానికి ఉంది. నీళ్లు పోవలసిన దిక్కు అదేనని ఆయన అనుకున్నాడు. అనుమానం రాలేదు. ఏ గుడిలోనైనా అభిషేకం నీళ్లు ఉత్తరానికే దిగుతాయి. ఆయన చేతి మీదుగా వెళ్లిన ప్రతి పానవట్టానికీ ముక్కు ఉత్తరానికే.

అడిగిన మనిషి ఒక్కతే. ఎదురింటి నరసమ్మ. డెబ్బై ఏళ్లది, వీధిలో అందరికీ అత్త.

“ఉత్తరం అంటే ఎగువ గదప్పా. మా చెలమలు దిగువన ఉండాయి గదా?” అంది.

“గుడిలో నీళ్లు యాడికి పోతాయత్తా?”

“ఉత్తరానికి.”

“మరింకేం?”

విగ్రహాల పనిలో మిగిలిన నల్లరాతితో ఓబులాచారి కాలువ కొసకు ఒక మకరం మూతి చెక్కాడు. నోరు తెరిచిన మొసలి, దవడకు రెండు వరుసల పళ్లు. మురుగు కాలువకు అంత పని దేనికని జనం నవ్వారు. చూడడానికి మాత్రం పక్క వీధుల నుంచి కూడా వచ్చారు.

ఫిబ్రవరి మొదటి వారంలో ఇళ్ల తూములు తెరిచారు. నాలుగో రోజు పొద్దున ఓబులాచారి భార్య కమలాక్షమ్మ చెలమ నుంచి వచ్చి కడవ దించి, చెంబు ముంచి మొగుడి ముందు పెట్టింది.

“ఇదో, తాగి చెప్పు.”

ఓబులాచారి ఒక గుక్క తాగాడు. రెండో గుక్క నోట్లో పెట్టుకుని మింగలేదు. పెరట్లోకి పోయి ఉమ్మేసి వచ్చాడు.

“కడవ కడగలేదేమో.”

“ముప్పై ఏండ్లు కడిగినా. ఈ పొద్దే మరిచిపోయింటానా?”

ఆయన ఉలి పక్కన పెట్టి వాగుకు పోయాడు. చెలమల దగ్గర నలుగురు ఆడవాళ్లు ఖాళీ కడవలతో నిలబడి ఉన్నారు. నరసమ్మ ఇసుకలో కూర్చుని ఉంది.

“రాప్పా రా. నీ మొసలి కక్కింది మేం తాగుతాండాం. నువ్వూ ఇంత తాగి పో.”

ఓబులాచారి ఒడ్డు వెంబడి ఎగువకు నడిచాడు. ఎనభై అడుగులు వేస్తే మకరం మూతి వచ్చింది. దాని నోట్లోంచి సబ్బు నురగతో, పేడ నీళ్లతో ధార పడుతోంది. ధార ఇసుకలో పది బారలు పారి ఇంకిపోతోంది. ఇసుకలో ఇంకిన నీళ్లు ఎటు పోతాయో ఎవరూ చెప్పనక్కర్లేదు. వాగు ఎటు పోతే అటే.

అప్పటికప్పుడు నాపరాయి ముక్క అడ్డంపెట్టి బంకమట్టితో మకరం నోరు మూసేశాడు. మధ్యాహ్నానికి కాలువ నిండింది. సాయంత్రానికి నరసమ్మ గడపలోకి నీళ్లు వచ్చాయి. ఆమె కేకలకు వీధి అంతా పోగయింది. ఓబులాచారి వెళ్లి మట్టి తీసేశాడు.

నంద్యాల నుంచి గురువారం గురువారం హెల్తు ఇన్‌స్పెక్టరు నతానియేలు వస్తాడు. ఖాకీ సంచి, గొడుగు. సంచిలో కలరా సూదుల పెట్టె ఉంటుందని ఆయన్ను చూడగానే పిల్లలు మిద్దెలెక్కేవారు. ఆ గురువారం సూదుల పెట్టె తీయలేదు. రెండు గాజు సీసాలు తీశాడు. ఒకదాంట్లో ఇంటి నుంచి తెచ్చుకున్న తన తాగే నీళ్లు పోశాడు. రెండోదాంట్లో చెలమ నీళ్లు. రెంటిలోనూ పొటాషియం పర్మాంగనేటు పలుకులు రెండేసి వేశాడు. రెండూ గులాబి రంగు తిరిగాయి. గోడ మీద పక్కపక్కన పెట్టి గడియారం చూసుకుంటూ కూర్చున్నాడు. పావుగంటకు మొదటి సీసా అట్లాగే ఉంది. రెండోది టీ రంగుకు మారింది.

“ఆచారి గారూ, మంచి నీళ్లయితే రంగు నిలుస్తాది. మురుగు కలిసుంటే రంగును తినేస్తాది. ఈ నీళ్లు తాగొద్దండి.”

“కాచి తాగితే?”

“నాలుగు దినాలు కాస్తారు. అయిదో దినం కట్టెల్లేక మానేస్తారు. నాకు తెలీదా?” నతానియేలు సీసా పారబోసి కడిగాడు. “నేను ఇంకా మూడు గురువారాలు వస్తా. మూడోసారి కూడా ఇదే రంగొస్తే చెలమల కాడ తాగొద్దని బోర్డు పెట్టించాల్సిందే. పెట్టినాక తీయించేది నా చేతిలో ఉండదు.”

మకరం మూతికి ఎగువన వాగు అడుగంతా మైలున్నర దాకా బండ. బండ మీద చెలమ ఊరదు. బోర్డు పడితే వీధి ఆడవాళ్లు బతికినన్నాళ్లూ మైలున్నర పోయి రావాలి. మరుసటి రోజు నుంచే పోవడం మొదలుపెట్టారు. కమలాక్షమ్మ ఏడు గంటలకు బయలుదేరితే తొమ్మిదింటికి వచ్చింది. కడవ దించాక కుడి మోకాలు రెండు చేతులతో పట్టుకుని గడప మీద కూర్చుంది. ఓబులాచారికి పాడైన ఆమె చెలమ గుర్తొచ్చింది. పద్నాలుగేళ్ల వయసులో కాపురానికి వచ్చిన నాడు ఆమె తీసిన చెలమ అది. ఏటా వాగు పూడ్చేది, ఏటా ఆమె అదే చోట తవ్వేది.

శనివారం పొద్దున కాగితం మడిచి జేబులో పెట్టుకుని ఓబులాచారి నంద్యాల బస్సెక్కాడు.

ఓవర్సీరు కాలు స్టూలు మీద చాపుకుని, కట్టుతో వరండాలో కూర్చుని ఉన్నాడు. కాలువ అయిపోయిందని విని సంతోషపడ్డాడు. నీళ్లు ఎటు వదిలారని అడిగాడు.

“ఉత్తరానికి సార్.”

“ఉత్తరానికా? ఎందుకప్పా?”

“మీ కాగితంలో బాణం అట్లనే ఉండాది గదా.”

ఓవర్సీరు కాగితం తీసుకుని బాణం చూశాడు. ఓబులాచారిని చూశాడు.

“ఇది నీళ్లు పోయే దారి కాదు ఆచారీ. ఉత్తరం యాడుందో చెప్పే గుర్తు. ప్రతి ప్లానులోనూ వేస్తాం.”

“ఉత్తరం యాడుందో మాకు తెలీదా సార్?”

ఓవర్సీరు నవ్వాపుకోలేకపోయాడు. విరిగిన కాలు కదిలి నొప్పితో మూలిగి మళ్లీ నవ్వాడు. ఓబులాచారి నవ్వలేదు. ఓవర్సీరు సర్దుకుని దక్షిణపు కొసన ఉన్న రెండు ఇంగ్లీషు మాటల మీద వేలు పెట్టాడు. “నీళ్లు ఈడ వదలాలని రాసినా. తెలుగులో రాసిండాల్సింది. ఆ మాటకొస్తే నాదీ తప్పే. వీధిలో వాళ్లకు ఓవర్సీరు ప్లాను మార్చినాడని చెప్పుకో. నేను కాదనను.”

ఓబులాచారి కాగితం తన వైపు తిప్పుకున్నాడు.

“దక్షిణం కొసన వదిలితే సరిపోతాదా సార్?”

“మీ చెలమలకు బాగానే సరిపోతాది.”

“మాకు దిగువన?”

“దిగువన ఏముంది?”

“నరసమ్మత్త కూతురి ఊరు ఉండాది. రెండు మైళ్లు. వాళ్లూ ఇసుకలోనే నీళ్లు తీస్తారు.”

ఓవర్సీరు కాగితం అంచు చూశాడు. వీధి అయిపోయిన చోట కాగితం కూడా అయిపోయింది. “ఆ ఊరు ప్లానులోకి రాలేదు,” అన్నాడు.

తిరుగు బస్సు ఎక్కే ముందు ఓబులాచారి కుందేరు దాకా నడిచి వెళ్లాడు. ఆళ్లగడ్డ వాగు కూడా పోయి పోయి ఈ కుందేటిలోనే కలుస్తుంది, నంద్యాలకు చాలా దిగువన. ఒడ్డున నిలబడి చూస్తే ఇసుకలో ఆడవాళ్లు చెలమల చుట్టూ కూర్చుని ఉన్నారు. లెక్కపెట్టాడు. పదకొండు మంది. వాళ్లకు కాస్త దిగువన ఇంకో నలుగురు. ఇంకా దిగువన ఎంతమందో అక్కడి నుంచి కనబడలేదు. బస్సులో కూర్చున్నాక ఆయన ఆలోచన ఒక చోట నిలిచింది. కాలువను ఉత్తరానికి తిప్పినా దక్షిణానికి తిప్పినా ఎవరో ఒకరి కడవలోకే తిప్పినట్టు.

ఇంటికి చేరేసరికి నాలుగైంది. సగం పనిలో ఉన్న ఆంజనేయుడి విగ్రహం కొట్టంలో ఉంది. తోచనప్పుడు రాయి రుద్ది నునుపు చేయడం ఆయనకు అలవాటు. కురువిందపు పొడి చల్లి, నీళ్లు చిలకరించి, ఆంజనేయుడి భుజం రుద్దడం మొదలుపెట్టాడు. భుజం మీది నుంచి బూడిద రంగు బురద కారి కింది తొట్టిలో పడింది.

ఆ కొట్టంలో మూడు రాతి తొట్లు ఉన్నాయి, ఒకదాని కన్నా ఒకటి జానెడు కిందికి. నునుపు పట్టడానికి నీళ్లు చాలా కావాలి. చెలమ నుంచి మోసుకొచ్చిన నీళ్లు ఒకసారి వాడి పారబోయడానికి మనసొప్పదు. అందుకని శిల్పులందరూ ఇట్లాగే చేస్తారు. మొదటి తొట్టిలో బురద అడుగుకు చేరుతుంది. పైన తేరిన నీళ్లు రెండో తొట్టిలోకి పొర్లుతాయి. అక్కడ ఇంకొంత దిగుతుంది. మూడో తొట్టిలోని నీళ్లు ముంచి మళ్లీ రాతి మీద పోస్తారు. కమలాక్షమ్మ పిడకలు చేసి వచ్చి చేతులు ఆ మూడో తొట్టిలోనే కడుక్కునేది. ఆ సాయంత్రం కూడా వచ్చి చేతులు ముంచింది. ఓబులాచారి రుద్దడం ఆపాడు.

“ఈ నీళ్లు మార్చి ఎన్నాళ్లైంది?”

“దసరాకు. ఏం, మార్చల్లా? తెచ్చేది నేను గదా, ఇప్పుడు మైలున్నర నుంచి.”

“మార్చొద్దు. కాలవ కొసన ఇట్లాంటివే మూడు గుంటలు తవ్వితే?”

కమలాక్షమ్మ చేతులు దులుపుకుంది. తొట్ల వైపు చూసింది. “రాతి బురద అడుగుకు పోతాది. సబ్బు పోతాదా?”

“పోదు.”

“గొడ్ల ఉచ్చ?”

“పోదు.”

“మరి?”

“బురద గుంటల్లో ఆగితే, మిగిలింది నేల తాగల్ల. వాగు కాదు. నేల.”

“ఎవురి నేల?”

ఆ ప్రశ్నకు జవాబు వెతకనక్కర్లేదు. మకరం మూతి పక్కన, వాగు ఒడ్డుకు ఇవతల ఉన్న అరెకరం మీరావలిది. ఆయన బస్టాండు దగ్గర జట్కా తోలుతాడు. ఆ అరెకరంలో గుర్రానికి గడ్డి పెంచుతాడు. వానలు ఉన్నన్నాళ్లు పెరుగుతుంది. మాఘం వచ్చేసరికి ఎండిపోతుంది.

ఆదివారం పొద్దున ఓబులాచారి వీధి జనాన్ని మకరం దగ్గరికి పిలిచాడు. కాగితం విప్పి, అందరికీ కనబడేటట్టు పట్టుకున్నాడు.

“ఇదో ఈ బాణం చూడండి. ఇది ఉత్తరం గుర్తు. నేను నీళ్ల దారి అనుకున్నా. ఓవర్సీరు సరిగ్గానే రాసినాడు. తప్పు నాది.”

నరసమ్మ గొంతు సవరించుకుంది.

“లింగానికి పోసిన నీళ్లకూ గొడ్డుకు పోసిన నీళ్లకూ తేడా లేకుండా చేసినావు గదప్పా. ఇంకా నయం, తీర్థమని చేతిలో పోయలేదు.”

నవ్వులు లేచాయి. ఓబులాచారి కూడా నవ్వాడు. నంద్యాల నుంచి మోసుకొచ్చిన బరువు అప్పుడు దిగింది.

గుంపులోంచి ఒకరు, వాటం తిరగేసి దక్షిణానికి వదిలితే అయిపోదా అన్నారు. పదిమంది తలలూపారు. ఓబులాచారి నరసమ్మ వైపు తిరిగాడు.

“అత్తా, నీ కూతురు యాడ నీళ్లు ముంచుకుంటాది?”

“యాడ ముంచుకుంటాది, వాగులోనే...” నరసమ్మ అక్కడే ఆగింది. మనవళ్లు ముగ్గురు ఆ ఊళ్లో ఉన్నారు. “దక్షిణానికి వద్దు,” అంది. “వద్దంటే వద్దు. ఇంకో మాట చెప్పు.”

ఓబులాచారి మూడు గుంటల సంగతి చెప్పాడు. గడ్డి చేను సంగతి వచ్చేసరికి మీరావలి ముందుకొచ్చాడు.

“అంతా బాగుంది ఆచారన్నా. మీ వీధి మురుగు నా చేలో పోస్తే నా గుర్రం ఏం పాపం చేసింది?”

“ఎండాకాలంలో నీ గుర్రం పక్కటెముకలు బస్టాండులో పిల్లోళ్లు లెక్కపెడతాండారు. వాళ్లకు ఎక్కాలు అట్లనే వచ్చినాయి. అది పాపం కాదా?”

“సుల్తాను బక్కోడే గానీ మర్యాద ఉన్నోడు. గలీజు గడ్డి ముట్టడు.”

“గలీజు గుంటల్లో ఆగిపోతాది. నీ చేలోకి వచ్చే నీళ్లు ముందు నువ్వు చూడు. ఒక్క మడికి పెట్టి చూడు. సుల్తాను తింటేనే మిగతా చేను.”

“తినకపోతే?”

“గుంటలు పూడ్చి పోతా. నీ చేను చదును చేసిస్తా.”

మీరావలి గడ్డం నిమురుకున్నాడు. “సరే. సుల్తాను ఊ అంటే నాకూ ఊ. వాడు కాదంటే నన్ను అడగొద్దండి.”

ఆ విధంగా తీర్పు గుర్రానికి వదిలి, సోమవారం పార పట్టారు. ఒక్కో గుంట ఆరడుగుల పొడవు, నాలుగడుగుల వెడల్పు, నాలుగడుగుల లోతు. ఒకదాని కన్నా ఒకటి జానెడు కిందికి. నాలుగు పక్కలా నాపరాళ్లు నిలిపి గచ్చుతో అతుకులు మూశారు. రెండో గుంట మధ్యలో ఓబులాచారి ఒక రాయి నిలువుగా దించి, కింద జానెడు సందు వదిలాడు. తొట్లలో గడ్డిపోచలు తేలకుండా ఆయన కొట్టంలో చేసే పని అది. జిడ్డూ నురగా రాతికి ఇవతల పైన ఆగిపోతాయి. నీళ్లు మాత్రం కింది సందులోంచి అవతలికి పోతాయి. మకరం మూతిని పాత చోటు నుంచి ఊడదీసి మూడో గుంట అంచున, వాగుకు వీపు పెట్టి, గడ్డి చేను వైపు నిలబెట్టారు. వాగు వైపున నడుమెత్తు మట్టి కట్ట వేశారు. అంతా అయ్యేసరికి తొమ్మిది రోజులు పట్టింది. ఈ మధ్య నతానియేలు ఒక గురువారం వచ్చి సీసా పెట్టాడు. టీ రంగే వచ్చింది. “ఒకటి అయిపోయింది,” అన్నాడు. గుంటల చుట్టూ ఒకసారి తిరిగి చూసి వెళ్లాడు.

నీళ్లు వదిలిన రోజు మీరావలి మకరం ముందు గొంతుక్కూర్చుని అరచేతిలో పట్టి వాసన చూశాడు.

“పన్నీరైతే కాదు.”

“పన్నీరని నేను చెప్పినానా?”

ఒక మడికి పెట్టాడు. రెండో గురువారం నతానియేలు వచ్చేసరికి పాత చెలమలు పూడ్చి కొత్తవి తీసి ఉన్నారు. రంగు టీ రంగుకు రాలేదు. అయితే గులాబిగానూ లేదు. నతానియేలు సీసాను వెలుతురుకు ఎత్తి చాలాసేపు చూశాడు.

“ఇసుకలో పాత మురుగు ఇంకా ఉండాది. రోజూ తోడి పారబోయండి. ఇంకొక్క వారం.”

ఆ వారం ఆడవాళ్లు మైలున్నర నుంచి తాగే నీళ్లు తెచ్చుకుంటూనే, పొద్దునా సాయంత్రం చెలమలు తోడి ఆవలి ఒడ్డున పారబోశారు. ఒక్కో చెలమ నలభై ముంతలు. నరసమ్మ ఒడ్డున కూర్చుని లెక్క చెప్పేది. ముప్పై ఎనిమిది దగ్గర ఎవరైనా నడుమెత్తితే, “ఇంకా రెండుండాయి, నీ పుట్టిల్లు కాదు ఇది, దొంగలెక్క చెల్లదు,” అనేది.

ఎనిమిదో రోజు మడిలో కొత్త పిలకలు బెత్తెడు లేచాయి. మీరావలి జట్కా విప్పి సుల్తానును తీసుకొచ్చాడు. పాతిక మంది చుట్టూ నిలబడ్డారు. గుర్రం మడి దగ్గరకు పోయి వాసన చూసి తల తిప్పేసింది. ఓబులాచారి నేల వైపు చూశాడు. గుర్రం తోకతో ఈగలు తోలుకుని, ఒకసారి మీరావలి వైపు చూసి, తల వంచి మేయడం మొదలుపెట్టింది. తర్వాత దాన్ని బయటికి లాగడానికి ఇద్దరు కావాల్సి వచ్చింది.

“మర్యాదస్తుడు గదా వాడు?” అంది నరసమ్మ.

“మేనత్తలందరూ నిలబడి చూస్తాంటే కాదనలేకపోయినాడు,” అన్నాడు మీరావలి. మరునాడే మిగతా మడులకు నీటి బోదెలు తీశాడు.

మూడో గురువారం నతానియేలు సీసాలు గోడ మీద పెట్టాడు. తన నీళ్లు ఒకటి, కమలాక్షమ్మ చెలమ నీళ్లు ఒకటి. పావుగంట గడిచింది. రెండూ గులాబి రంగులోనే ఉన్నాయి. నతానియేలు కదలలేదు. ఇంకో పావుగంట కూర్చున్నాడు. బస్టాండులో నంద్యాల బస్సు హారను వినబడింది. ఎవరో గుర్తు చేశారు.

“పోతే పోనీండి. ఇంకోటి వస్తాది.”

అరగంట అయ్యాక సీసాలు రెండూ పక్కకు పెట్టి, చెలమ నీళ్లు గ్లాసుతో అడిగి తాగాడు. బోర్డు మాట ఎత్తలేదు. ఎత్తనవసరం లేదని అందరికీ అర్థమైంది. గొడుగు తీసుకోబోతూ ఆగాడు.

“ఆచారి గారూ, ఒక్క మాట. నెల తిరిగేసరికి మొదటి గుంట నిండుతాది. నిండినాక బురద రెండో గుంటలోకి, ఆడి నుంచి మూడోదాంట్లోకి పోతాది. మళ్లీ మొదటికొస్తాం. దాన్ని ఎవరు ఎత్తుతారు?”

గుంపులో ఒకాయన, ఊరి అవతల నుంచి ఎవరినైనా పిలిపిస్తే సరి అన్నాడు. నతానియేలు ఆ మనిషిని చూశాడు. గొడుగు పిడి మీద వేళ్లు బిగించాడు.

“ఎవుర్నీ పిలవొద్దు,” అన్నాడు ఓబులాచారి. “కొట్టంలో నా తొట్లు నేనే ఎత్తుకుంటా. నేను కట్టిన గుంటలూ అంతే. అమాసకు మాకు ఉలి పట్టే పని లేదు. అమాస అమాసకు నేను దిగుతా.”

“మాట నిలుస్తాదా?”

“వచ్చి చూసుకోండి సార్.”

అమావాస్య నాడు శిల్పులు ఉలి ముట్టరు. పనిముట్లు కడిగి, బొట్టు పెట్టి, కొట్టం మూసేస్తారు. ఆ నెల అమావాస్య నాడు ఓబులాచారి పనిముట్లకు బొట్టు పెట్టి, కొట్టం మూసి, పంచె ఎగగట్టి మొదటి గుంటలోకి దిగాడు. నీళ్లు ముందే పక్కకు మళ్లించారు. లోపల మోకాలి లోతు బురద. మొదటి గంప ఎత్తి గట్టు మీద పెట్టాడు. మీరావలి అందుకుని చేనులో ఒక మూల కుప్ప పోశాడు. ఎండాక ఎరువుకు వాడతానన్నాడు. నాలుగో గంపకు పక్కింటి శిల్పి దిగాడు. ఏడో గంపకు ఇంకో ఇద్దరు వచ్చి గంపలు అందుకున్నారు. నతానియేలు చెట్టు కింద గొడుగు మూసి కూర్చున్నాడు.

“ఆ మూలన వదిలేసినావు చూడు,” అంది గట్టు మీద నుంచి నరసమ్మ.

“నువ్వు దిగి చూపించత్తా.”

“నేను దిగితే నువ్వు పైకి రావల్సొస్తాది. గుంటలో ఇద్దరు పెద్దోళ్లు పట్టరు.”

ఎత్తడం సగమైంది. కమలాక్షమ్మ ఖాళీ కడవతో వాగు వైపు పోవడం ఓబులాచారి చూశాడు. ఆరు గంపల తర్వాత ఆమె నిండు కడవతో తిరిగి రావడం కూడా చూశాడు.

పని అయ్యాక పైకి వచ్చి, చేతులూ కాళ్లూ మూడో గుంట నీళ్లతో కడుక్కున్నాడు. మకరం దవడలో ఇరుక్కున్న పీచు తీసి, రాతి మీద నీళ్లు చల్లి రుద్దబోయాడు. మకరం నుదుటి మీద కుంకుమ బొట్టు ఉంది.

“ఇదెవురు పెట్టినారత్తా?”

“నాకేం తెల్సు?” నరసమ్మ కుడిచెయ్యి కొంగులో పెట్టుకుంది.

ఆయన బొట్టు చెరగకుండా చుట్టూ కడిగాడు. తర్వాత ఇంటికి పోయి బావి నీళ్లతో స్నానం చేసి వచ్చి గడప మీద కూర్చున్నాడు. కమలాక్షమ్మ కడవలో చెంబు ముంచి తెచ్చి ఇచ్చింది. ఆయన ఎత్తి తాగాడు. ఖాళీ చెంబు ముందుకు చాపాడు. ఆమె మళ్లీ నింపింది.